ధర్మసంకటాన్ని తరగతిలో చర్చకు పెట్టడం: కౌమారుల నీతి ఆలోచనను వినే పద్ధతి

ఎనిమిది, తొమ్మిది, పదో తరగతి పిల్లలకు నీతి పాఠం చెప్పేటప్పుడు మనలో చాలామంది ఒక కథ వినిపించి, చివరకు "దీనివల్ల మీరేం తెలుసుకున్నారు?" అని అడుగుతాం. పిల్లలు మన ముఖం చూసి, మనకు ఏ జవాబు కావాలో పసిగట్టి, దాన్నే అప్పజెబుతారు. ఆ జవాబును బట్టి పిల్లవాడు తప్పొప్పులను ఎలా తూచుకుంటున్నాడో మనకు తెలియదు. మాస్టారి మనసును ఎంత బాగా చదవగలడో మాత్రం తెలుస్తుంది. పన్నెండు పదమూడేళ్లు దాటిన పిల్లలు ప్రతి నియమానికీ "ఎందుకు?" అని అడగడం మొదలుపెడతారు కనుక, ఆ వయసులో నీతి కథ కన్నా చిక్కుముడి వంటి కథ ఎక్కువ పనికొస్తుంది. ధర్మసంకటం అనే మాట మనకు ముందే ఉండటం ఒక సౌకర్యం. తప్పుకూ ఒప్పుకూ మధ్య తేల్చుకోవడం కాక, ఒక ధర్మానికీ ఇంకొక ధర్మానికీ నడుమ ఇరుక్కోవడం అన్న అర్థం ఆ మాటలోనే ఉంది. అటువంటి కథను తరగతిలో ఎలా పెట్టాలో, పిల్లలు చెప్పే కారణాలను ఎలా వినాలో, ముఖ్యంగా ఒక సమాజంలో తయారైన కొలబద్దతో ఇంకొక సమాజపు పిల్లలను కొలిచే పొరపాటును ఎలా తప్పించుకోవాలో ఇక్కడ వివరిస్తున్నాను.

పద్ధతి ఎక్కడ పుట్టింది

దీనికి మూలం 1958లో అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్త లారెన్స్ కోల్‌బర్గ్ చికాగో విశ్వవిద్యాలయానికి సమర్పించిన పరిశోధన. పది, పదమూడు, పదహారేళ్ల వయసున్న 72 మంది అబ్బాయిలకు ఆయన కొన్ని చిక్కు కథలు చెప్పి, వారు చెప్పిన కారణాలను పరిశీలించాడు. వాటిలో ఎక్కువ పేరు పొందినది హైన్జ్ కథ. హైన్జ్ భార్య క్యాన్సర్‌తో చావుబతుకుల్లో ఉంది. ఆమెను బతికించగల మందు కనిపెట్టిన దుకాణదారు, తనకు 200 డాలర్లు పడిన మందుకు 2,000 డాలర్లు అడుగుతున్నాడు. హైన్జ్ ఊరంతా తిరిగితే 1,000 డాలర్లే పోగయ్యాయి, మిగతాది తరువాత ఇస్తానన్నా దుకాణదారు వినలేదు. హైన్జ్ దుకాణం పగలగొట్టి మందు ఎత్తుకుపోయాడు. అతను అలా చేయవలసిందేనా? చేయవలసిందే అన్నవారిని ఒక గాట, కూడదన్నవారిని ఇంకొక గాట కట్టలేదు కోల్‌బర్గ్. శిక్ష భయం, ఇచ్చిపుచ్చుకునే లెక్క, తనవాళ్ల మెప్పు, వ్యవస్థ నిలబడాలన్న బాధ్యత, అందరి మేలు కోసం చేసుకున్న ఒప్పందం, ఏ దేశానికైనా వర్తించే న్యాయసూత్రం అంటూ వారి కారణాలనే ఆరు మెట్లుగా పేర్చాడు.

కోల్‌బర్గ్ తైవాన్ పిల్లలను అడిగిన కథలో మందు ఆకలికి తిండిగా మారింది. ఆకలితో చనిపోతున్న భార్య కోసం భర్త తిండి దొంగిలించాలా అని అడిగితే, అక్కడి పల్లె పిల్లలు కొందరు "దొంగిలించాల్సిందే, ఆమె చనిపోతే అంత్యక్రియలకు బోలెడు ఖర్చవుతుంది" అన్నారు. అదే ద్వీపంలోని అటయాల్ తెగలో అంత్యక్రియలు అంత ఖర్చుతో కూడిన పని కాదు, అక్కడి పిల్లలు "భార్య లేకపోతే వండిపెట్టేదెవరు?" అన్నారు. రెండు జవాబుల్లోనూ ఉన్నది ఒకే రకం లెక్క, నాకేం నష్టమన్న లెక్క. ఆ లెక్కలో వేసుకున్న సరుకు మాత్రం ఊరిని బట్టి మారింది. పిల్లల మాటలు వినేటప్పుడు ఈ రెండింటినీ విడదీయడం అలవాటు చేసుకోవాలి.

అయితే ఆ మెట్లను అందరికీ యథాతథంగా వాడలేము. 27 సంస్కృతులలో జరిగిన 45 అధ్యయనాలను 1985లో జాన్ స్నేరీ సమీక్షించగా, మొదటి నాలుగు మెట్లు దాదాపు ప్రతిచోటా కనిపించాయి. పై మెట్లు మాత్రం ఎక్కువగా చదువుకున్న నగర మధ్యతరగతి వారిలోనే కనిపించాయి. పల్లెల్లో నీతి తక్కువని దీని అర్థం కాదు. ఇజ్రాయెల్‌లో ఆస్తినీ పనినీ కలిసి పంచుకునే ఊళ్లైన కిబ్బుట్జ్‌లలోనూ ఇతర చోట్లా సమష్టి బాధ్యత గురించి ప్రజలు చెప్పే గంభీరమైన కారణాలకు ఆ కొలబద్ద మీద సరైన గీత లేదని అర్థం. మన దేశంలో జ్యోత్స్న వాసుదేవ్, రేమండ్ హమ్మెల్ 1987లో ప్రచురించిన అధ్యయనంలో కూడా మనిషి ప్రాణాన్ని మిగతా ప్రాణుల నుంచి విడదీయని అహింసా దృష్టి కనిపించింది. కోల్‌బర్గ్ మెట్లలో దానికి తగిన చోటు లేదు. అందుచేత నా సలహా సూటిగా చెబుతాను: కోల్‌బర్గ్ ప్రశ్నలు తీసుకోండి, ఆయన అంకెలు వదిలేయండి. ఏ పిల్లవాడినీ "మూడో మెట్టు వాడు" అని రాసుకోవద్దు.

కథను తయారు చేసుకోవడం

హైన్జ్ కథ మన పిల్లలకు పనికిరాదని కాదు గాని, వారు రోజూ తిరిగే చోటు నుంచి కథ తీసుకుంటే మాట తొందరగా కదులుతుంది. ఒక నమూనా ఇది. శంకర్ తొమ్మిదో తరగతి లీడరు. ల్యాబులో మైక్రోస్కోపు పగిలింది. ఎవరు పగలగొట్టారో సాయంత్రంలోగా తేలకపోతే తరగతిలో అందరూ తలా 50 రూపాయలు కట్టాలని సైన్సు మాస్టారు చెప్పారు. పగలగొట్టింది యాదగిరి అని శంకర్‌కు ఒక్కడికే తెలుసు. యాదగిరి తండ్రి ఆటో నడుపుతాడు, ఈ సంగతి తెలిస్తే తనను చదువు మానిపిస్తాడని ఏడ్చి, ఎవరికీ చెప్పనని శంకర్ చేత యాదగిరి ఒట్టు వేయించుకున్నాడు. ఇప్పుడు శంకర్ ఏం చేయాలి?

ఒక నిమిషంలో చెప్పగలిగేంత చిన్న కథ ఇది. ఒట్టు ఒక వైపు, తరగతి నమ్మకం ఇంకొక వైపు ఉన్నాయి. ఎటు తేల్చినా ఎవరికో ఒకరికి అన్యాయం జరుగుతుంది. మీరు తయారు చేసే కథలోనూ ఈ బరువు రెండు పక్కలా ఉండాలి. పరీక్షలో చిట్టీలు పెట్టవచ్చునా అన్నది ధర్మసంకటం కాదు, జవాబు ముందే తెలిసిన ప్రశ్న. మీ బడిలో నిజంగా జరిగిన సంఘటనను, పేర్లు మార్చినా సరే, తీసుకోకండి. పది నిమిషాల్లో అసలు పేర్లు బయటికొస్తాయి, చర్చ కాస్తా పంచాయతీ అవుతుంది. పాత్రలకు మీ తరగతిలో ఉన్న పిల్లల పేర్లు కూడా పెట్టవద్దు, కారణం అదే.

కథ చెప్పగానే పిల్లలు దొడ్డిదారి వెతుకుతారు. "శంకరే ఆ డబ్బు కట్టేస్తాడు సార్", "యాదగిరిని మాస్టారి దగ్గరికి తీసుకెళ్లి మెల్లగా చెప్పిస్తాడు మేడమ్" అంటారు. వీటిని కొట్టిపారేయకండి. హైన్జ్ కథను విన్న పదకొండేళ్ల ఎమీ అనే అమ్మాయి, దొంగిలించాలా వద్దా అని తేల్చకుండా, దుకాణదారుతో మాట్లాడి ఒప్పించే దారి వెతికింది. అదే వయసున్న జేక్ మాత్రం ప్రాణం డబ్బు కన్నా విలువైనదని లెక్క తేల్చేశాడు. కోల్‌బర్గ్ కొలబద్ద మీద ఎమీ వెనుకబడినట్టు కనిపించింది. ఆమె వెనుకబడలేదనీ, సమస్యను హక్కుల తగవుగా కాక మనుషుల మధ్య తెగిన సంబంధంగా చూసిందనీ కరోల్ గిల్లిగన్ 1982లో వాదించింది. కనుక దొడ్డిదారులను ముందు బోర్డు మీద రాయించి, వాటిలోని ఓర్పును మెచ్చుకుని, ఆ తరువాతే తలుపులు మూయండి: శంకర్ దగ్గర డబ్బు లేదు, యాదగిరి ఎంత చెప్పినా ఒప్పుకోలేదు, సాయంత్రం అయింది.

అడగడం

నలభై అయిదు నిమిషాల పీరియడ్ చాలు. మొదటి అయిదు నిమిషాలు ఎవరూ మాట్లాడకుండా, శంకర్ ఏం చేయాలో, ఎందుకో మూడు వాక్యాలు రాయమనండి. ఈ మౌనం చాలా అవసరం. లేకపోతే తరగతిలో మొదట నోరు తెరిచిన పిల్లవాడి మాటే అందరి మాట అవుతుంది, వెనుక బెంచీ అమ్మాయి అనుకున్నది అక్కడే ఆగిపోతుంది. తరువాత చర్చకు ఒకే ఒక షరతు పెట్టండి: ఎవరైనా తన మాట చెప్పేముందు, తనకు ముందు మాట్లాడినవారి కారణాన్ని తన మాటల్లో తిరిగి చెప్పి, "నువ్వన్నది ఇదేనా?" అని అడగాలి. మొదటి రోజు ఇది నత్తనడక నడుస్తుంది, కొందరు విసుక్కుంటారు కూడా. అయినా విడిచిపెట్టకండి. తన ఆలోచన కన్నా కొంచెం ముందున్న తోటివారి కారణాన్ని విన్నప్పుడు పిల్లల ఆలోచన మెల్లగా కదులుతుందని కోల్‌బర్గ్ శిష్యుడు మోషే బ్లాట్ తరగతి చర్చలలో గమనించాడు. ఉపన్యాసం చేయలేని పని అది.

చర్చ ఒక దారిన పడ్డాక, కథలో ఒక్కసారికి ఒక్క పోగు మాత్రమే మార్చండి. యాదగిరి స్నేహితుడు కాక ముఖపరిచయం ఉన్నవాడైతే? ఒట్టు వేయకపోయి ఉంటే? కట్టవలసింది 50 కాక 500 అయితే? తరగతిలో ఒక అమ్మాయి ఇంట్లో ఆ 50 కూడా లేవని శంకర్‌కు తెలిస్తే? పిల్లవాడు ఏ పోగు దగ్గర మనసు మార్చుకుంటాడో అక్కడే అతని ఆలోచనకు కీలు ఉంటుంది. ఒట్టు తీసేయగానే మారినవాడికి మాట ముఖ్యం, స్నేహం తీసేయగానే మారినవాడికి మనిషి ముఖ్యం. దేనికీ మారనివారు ఇద్దరు ముగ్గురు ఉంటారు. వారిని మొండివారనుకోకుండా, తమ మాటకు ఎదురుగా చెప్పగల అన్నిటికన్నా బలమైన కారణం ఏదో వారినే చెప్పమనండి.

వినడం

మన పిల్లల నోట ఎక్కువగా వినిపించే కారణం "నలుగురూ ఏమనుకుంటారు?" అన్నది. దీన్ని వినగానే పరువు భయమని కొట్టివేయడం, లేదా కోల్‌బర్గ్ మూడో మెట్టుకు అంటించేయడం సులువు. నా అనుభవంలో ఈ ఒక్క మాట వెనుక కనీసం మూడు ఆలోచనలు ఉంటాయి. ఒకటి, దొరికిపోతానన్న భయం. రెండు, తన వల్ల అమ్మ తలవంచుకోవలసి వస్తుందన్న బాధ, అంటే ఇంకొకరి నొప్పి గురించిన ఆలోచన. మూడు, ఏ పనీ తన ఒక్కడిది కాదనీ, తాను నలుగురిలో ఒకడిననీ తెలిసి ఉండటం. ఏది ఏదో తేల్చుకోవడానికి మూడు ప్రశ్నలు చాలు: "ఆ నలుగురూ ఎవరు?", "వాళ్లకు ఎప్పటికీ తెలియదనుకో, అప్పుడు?", "ఆ నలుగురే పొరపాటు పడితే?" మూడో ప్రశ్న దగ్గర చాలామంది పిల్లలు ఆగిపోయి ఆలోచిస్తారు. ఆ మౌనాన్ని మీరు పూరించకండి. ఒకసారి ఒక పదో తరగతి అమ్మాయి చాలాసేపు ఊరుకుని, "అయితే నలుగురిలో ఒకరిని నేనే కదా సార్, నేనూ అనుకోవచ్చు కదా" అంది.

శంకర్ నోరు విప్పకూడదని మీ తరగతిలో ఎక్కువమంది అన్నారనుకోండి. దాన్ని పిరికితనంగానో, తప్పును దాచే అలవాటుగానో తీసుకునే ముందు మైసూరులో జరిగిన ఒక పరిశోధనను గుర్తు చేసుకోవాలి. జోన్ మిల్లర్, డేవిడ్ బెర్సాఫ్ 1992లో ప్రచురించిన ఆ అధ్యయనంలో మైసూరులోనూ, అమెరికాలోని న్యూ హేవెన్‌లోనూ పిల్లలకూ పెద్దలకూ కొన్ని కథలు చెప్పారు. ప్రాణస్నేహితుడి పెళ్లికి ఉంగరాలు పట్టుకుని వెళుతున్నవాడి పర్సు దారిలో పోయింది, రైలు టికెట్టూ దానితోనే పోయింది. ఎవరిదో టికెట్టు దొంగిలిస్తే తప్ప ముహూర్తానికి చేరలేడు. న్యూ హేవెన్‌లో ఎక్కువమంది దొంగతనం కూడదన్నారు, మైసూరులో ఎక్కువమంది ఉంగరాలు చేర్చాలన్నారు. మైసూరు వారు దొంగతనాన్ని మెచ్చుకోలేదు. స్నేహితుడికి చేయవలసిన పనిని వారు దయగా కాక విధిగా లెక్కించారు, అంతే తేడా. ఆపదలో లేని స్నేహితుడికి చిన్నపాటి సాయం చేయడం "అతని ఇష్టం" అని అమెరికన్లు, "అతని బాధ్యత" అని మైసూరు వారు అన్న అధ్యయనం అంతకుముందే, 1990లో, అదే పరిశోధకుల నుంచి వచ్చింది.

డాలస్‌లోనో న్యూజెర్సీలోనో పిల్లలను పెంచుతున్న తెలుగు తల్లిదండ్రులకు ఈ తేడా ఇంట్లోనే ఎదురవుతుంది. అక్కడ పుట్టి పెరిగిన పదహారేళ్ల అబ్బాయి, ఊరి నుంచి వచ్చిన పెదనాన్నను విమానాశ్రయానికి దింపడాన్ని తనకు వీలైతే చేసే పనిగా చూస్తాడు. తండ్రి దాన్ని అడగవలసిన అవసరమే లేని ధర్మంగా చూస్తాడు. "వీడికి మర్యాద తెలియదు" అనేముందు, అతనికి తన స్నేహితుల విషయంలో ఏవి తప్పనిసరిగా తోస్తాయో అడిగి చూడండి. అక్కడ కటువైన ధర్మాలే కనిపిస్తాయి. హద్దు వేరే చోట గీసుకున్నాడు.

ఇది నీతా, కట్టుబాటా, నా ఇష్టమా

హద్దు ఎక్కడ గీశారో తెలుసుకోవడానికి ఎలియట్ టూరియెల్ వివరించిన ప్రశ్నలు నాకు అన్నిటికన్నా ఎక్కువ ఉపయోగపడ్డాయి. పిల్లలు అన్ని నియమాలనూ ఒకే సంచిలో వేయరని ఆయన వాదన. ఒకరిని కొట్టడం, మోసగించడం వంటివి నీతికి చెందినవి. యూనిఫారం, పెద్దలను పిలిచే పద్ధతి వంటివి కట్టుబాటుకు చెందినవి. జుట్టు ఎలా దువ్వుకోవాలి, ఎవరితో స్నేహం చేయాలి అన్నవి సొంత విషయాలు. ఏదైనా పని గురించి ఇలా అడగండి: "దాని మీద నియమమే లేకపోతే పర్వాలేదా? హెడ్‌మాస్టారు ఒప్పుకుంటే పర్వాలేదా? ఇంకో దేశంలో అందరూ అలాగే చేస్తే?" మూడింటికీ "అయినా తప్పే" అంటే ఆ పిల్లవాడికి అది నీతి. "అప్పుడు సరే" అంటే కట్టుబాటు. "అసలు మీరెందుకు అడుగుతున్నారు?" అని ముఖం చిట్లిస్తే అది సొంత విషయం.

కౌమారంలో ఇంట్లో జరిగే తగవులు ఎక్కువగా ఈ హద్దు మీదే. గది సర్దుకోకపోవడం, ఫోను, బట్టలు వంటివి తల్లిదండ్రులకు కట్టుబాటుగానూ పిల్లలకు సొంత విషయంగానూ తోస్తాయని జుడిత్ స్మెటానా అమెరికా కుటుంబాల్లో చూసింది. జెన్నీ యావ్‌తో కలిసి హాంగ్‌కాంగ్‌లోని చైనా కుటుంబాలను పరిశీలించినప్పుడు అక్కడి పిల్లలు కూడా రోజువారీ తగవుల్లో తమ ఇష్టాన్నే కారణంగా చెప్పారు. ఆసియా పిల్లలకు "నా ఇష్టం" అన్న ఆలోచనే ఉండదనే వాదనను అందుచేత నమ్మనక్కర్లేదు.

హద్దు సంస్కృతిని బట్టి ఎంతగా జరుగుతుందో చూపే ఉదాహరణ భువనేశ్వర్ నుంచి ఉంది. రిచర్డ్ ష్వేడర్, మన్మోహన్ మహాపాత్ర, జోన్ మిల్లర్ 1987లో ప్రచురించిన అధ్యయనంలో అక్కడి ఆలయ పరిసరాల వారికీ, చికాగో వారికీ 39 సంఘటనలు చెప్పి తప్పు తీవ్రతను అడిగారు. తండ్రి చనిపోయిన మరునాడే పెద్ద కొడుకు క్షవరం చేయించుకుని కోడికూర తిన్నాడన్నది వాటిలో ఒకటి. భువనేశ్వర్ బ్రాహ్మణులు దాన్ని అతి ఘోరమైన తప్పుల్లో చేర్చారు, చికాగో వారికి అందులో తప్పే కనిపించలేదు. మైల అంటే ఏమిటో తెలిసిన తెలుగు పాఠకులకు ఆ కోపాన్ని వివరించనక్కర్లేదు. నీతిని హక్కుల భాషలోనే కాక బాధ్యతల భాషలోనూ పవిత్రత భాషలోనూ మాట్లాడే సమాజాలు ఉన్నాయని ష్వేడర్ దీని నుంచి తేల్చాడు. టూరియెల్ పక్షం వారు అంత త్వరగా ఒప్పుకోలేదు: ఆ పని వల్ల చనిపోయిన తండ్రి ఆత్మకు కీడు జరుగుతుందని నమ్మేవాడు "తండ్రికి హాని చేయకూడదు" అన్న అందరికీ తెలిసిన నీతినే పాటిస్తున్నాడని, తేడా నీతిలో కాక లోకం గురించిన నమ్మకంలో ఉందని వారి మాట. ఈ వాదంలో ఎవరు గెలిచారో తేల్చడం మన పని కాదు. పిల్లవాడు "అది పాపం" అన్నప్పుడు "దాని వల్ల ఎవరికి ఏమవుతుంది?" అని మరొక్క ప్రశ్న అడగడం మన పని.

ఇక్కడ ఒక హెచ్చరిక. మడి, మైల, ఎంగిలి, తిండి విషయాలను తరగతి చర్చకు పెట్టకండి. ఆ నియమాల బరువు మోసినవారి పిల్లలూ, ఆ నియమాలతో దూరం పెట్టబడినవారి పిల్లలూ అదే గదిలో కూర్చుని ఉంటారు. ఒకరికి పవిత్రత అనిపించేది ఇంకొకరికి తాత ముత్తాతల నాటి అవమానం. సంస్కృతి అనే మాటను మొత్తం ఊరికి ఒకటే అన్నట్టు వాడటం కూడా అంతే ప్రమాదం. బ్రెజిల్‌లోని రెసీఫే, పోర్టో అలెగ్రే నగరాల్లోనూ అమెరికాలోని ఫిలడెల్ఫియాలోనూ జోనథన్ హైట్ బృందం చేసిన 1993 నాటి అధ్యయనంలో, నగరాల మధ్య తేడా కన్నా ఒకే నగరంలో డబ్బున్నవారికీ లేనివారికీ మధ్య తేడా పెద్దదిగా తేలింది. అధికారం ఉన్నవారి మాటనే సంస్కృతి అనుకోవడం మరో పొరపాటు. ఇజ్రాయెల్‌లోని డ్రూజ్ అనే, అరబ్బీ మాట్లాడే చిన్న మతవర్గంలో సెసీలియా వైన్‌రిబ్, టూరియెల్ 1994లో అడిగినప్పుడు, కుటుంబ నిర్ణయాలు మగవారి చేతిలో ఉండటం మామూలే అయినా, ఆ పెత్తనంలోని అన్యాయాన్ని స్త్రీలు, అమ్మాయిలు గుర్తించి చెప్పారు. మీ తరగతిలో అమ్మాయిలు రాసిన మూడు వాక్యాలను విడిగా చదివి చూడండి. గట్టిగా చెప్పినదానికీ కాగితం మీద రాసినదానికీ తేడా తరచుగా కనిపిస్తుంది.

చేయకూడనివి కొన్ని

మీ జవాబు చెప్పకండి, అడిగినా సరే. చివర చేతులెత్తించి ఓట్లు లెక్కించకండి. లెక్క తేలగానే కారణాలు మరుగున పడతాయి. మార్కులు వేయకండి. పిల్లలు చెప్పేదానికీ చేసేదానికీ ఎంత దూరం ఉంటుందో 1928లోనే హ్యూ హార్ట్‌షోర్న్, మార్క్ మే వేలాది అమెరికన్ బడిపిల్లల మీద చేసిన పరిశీలనలో తేలింది: ఒక చోట మోసం చేసిన పిల్లలే ఇంకో చోట నిజాయతీగా ఉన్నారు, సందర్భం మారగానే నడత మారింది. చర్చలో బాగా మాట్లాడినవాడు మంచివాడని నిర్ధారించడానికి ఈ పద్ధతి ఏ విధంగానూ పనికిరాదు. చర్చలో ఎవరైనా తమ ఇంటి సంగతి బయటపెడితే అక్కడే ఆపి, తరగతి అయ్యాక విడిగా మాట్లాడండి.

ప్రతి పిల్లవాడి మూడు వాక్యాలను తేదీ వేసి ఒక నోటు పుస్తకంలో అంటించుకోండి. ఆరు నెలల తరువాత అదే కథను, పాత కాగితాలు చూపకుండా, మళ్లీ రాయించండి. తరువాత రెండు కాగితాలూ పిల్లవాడి చేతికే ఇచ్చి, ఏది మారిందో తననే చెప్పమనండి. ఆ పుస్తకాన్ని స్టాఫ్‌రూము బల్ల మీద వదలకండి, తల్లిదండ్రుల సమావేశానికి తీసుకెళ్లకండి, సంవత్సరం ముగిశాక కాగితాలు ఎవరివి వారికి తిరిగి ఇచ్చేయండి.